ఐరిషుభాషయు టెలివిజనును: 1996 వ సంవత్సరము

ఐర్లండు దేశపు టెలివిజను చరిత్రమున 1996 వ సంవత్సరము ప్రత్యేకముగా గణింపఁదగినది. ఆ యేఁట అక్టోబరు 31 వ తేదిని, పశ్చిమతీరమున గాల్వే మండలమందలి కొనమారా సీమలో, బల్యా న హావన్ అను పల్లె కేంద్రముగా, ఐరిషుభాషకై యేర్పడిన ‘టెలిఫీష్ న గేల్గె’ యను సంస్థ ప్రసారముల నారంభించెను. అది ప్రాచీన కెల్టుజాతులవారి ‘సావిన్’ పర్వపు రాత్రి. పాతయేఁడు ముగిసి క్రొత్తయేఁడు మొదలగు సంధికాలముగా దానిని జెప్పుదురు. రాజధాని యగు డబ్లిను నగరమును విడిచి మాఱుమూల పల్లె నాశ్రయించుట యాకస్మికముగ జరిగినది కాదు. ఇందలి హేతువు నెఱుఁగుటకుఁ బూర్వచరిత్రమును గొంత పరిశీలింపవలసియున్నది.

ఐరిషు ఆంగ్లమునకు మాండలికము కాదు. అది కెల్టుశాఖకుఁ జెందిన స్వతంత్రభాష. పూర్వపదమును బట్టి పరపదము మొదటి హల్లు మాఱుట దాని విశేషము. ‘బాద్’ అనఁగాఁ బడవ. ‘నా పడవ’ యనునపుడు ‘మొ వాద్’ అనియు, ‘మా పడవ’ యనునపుడు ‘ఆర్ మాద్’ అనియు నగును. తెలుఁగు వ్యాకరణమున గసడదవాదేశము నెఱిఁగినవారి కిది మిక్కిలి వింతగాఁ దోఁపదు. ఇట్టి భాష పందొమ్మిదవ శతాబ్దమున, విద్యయు, న్యాయస్థానవ్యవహారమును, వర్తకమును ఆంగ్లమున సాగుటచే క్షీణింపఁజొచ్చెను. 1845 లో బంగాళాదుంప పైరునకుఁ దెగులు సోఁకి యేర్పడిన మహాక్షామమునఁ జచ్చినవారిలోను వలసపోయినవారిలోను ఐరిషు పలుకు పేదలు పెక్కండ్రు. అటుపిమ్మట నాభాష యింటిభాషగా నిలిచినది ప్రధానముగాఁ బశ్చిమతీరపు సీమలలోనే. ఈ సీమలకు ‘గేల్టాక్ట్’ అని పేరు.

స్వతంత్రరాజ్యము దానిని మన్నింపకపోలేదు. 1937 నాఁటి రాజ్యాంగము ఐరిషును జాతీయభాషగను, ప్రథమాధికారభాషగను బేర్కొని, ఆంగ్లమునకు రెండవస్థానము నిచ్చినది. 1960 లో వెలువడిన ప్రసారాధికారసంస్థ చట్టము, భాషాపునరుద్ధరణమును జాతీయసంస్కృతిరక్షణమును సంస్థ యెల్లప్పుడు మనసున నుంచుకొనవలయునని విధించెను. 1961 డిసెంబరు 31 వ తేదిని ‘టెలిఫీష్ ఏరన్’ ప్రారంభమైనప్పుడు, అధ్యక్షుఁడు ఏమన్ డి వలేరా తన యుపన్యాసమున నీ సాధనమును బరమాణుశక్తితోఁ బోల్చి, దీనివలన మేలెంత కలుగవచ్చునో కీడు నంత కలుగవచ్చునని హెచ్చరించెను. ఆయన భయము నిరాధారము కాదు. చట్టపుమాట చట్టముననే యుండెను. ప్రసారకాలములో నత్యధికభాగ మాంగ్లమునకే చెల్లెను. ఐరిషునకు వార్తలును, కొలఁది కార్యక్రమములును మిగిలెను. గేల్టాక్టు గృహములలో శిశువు తల్లినోట నొక భాషయు, ఇంటిమూల నున్న పెట్టెనుండి వేఱొక భాషయు వినుచుఁ బెరిగెను. విధివాక్య ముండియు ననుష్ఠానము లేకున్న నది యర్థవాదమాత్రమే యగును.

కావున నుద్యమము భాషాభిమానుల సభలయందుఁ గాక, ఆ భాషను బలుకు జనులయందే బలపడెను. 1969 లో గేల్టాక్టు పౌరహక్కుల యుద్యమ మేర్పడెను. 1970 లో దానికిఁ జెందినవారు అనుమతిపత్రము లేకయే కొనమారాలో రేడియో ప్రసారము గావించిరి. 1972 ఏప్రిలు 2 వ తేదిని ‘రేడియో న గేల్టాక్ట’ ప్రభుత్వపక్షమున వెలసెను. 1982 లో వేల్సుదేశీయులు తమ భాషకుఁ బ్రత్యేకమైన టెలివిజనును సాధించుకొనుట వీరికి దృష్టాంత మయ్యెను. 1987 లో రాస్ ముక్ గ్రామమున ననుమతి లేని టెలివిజను ప్రసారమును గూడ జరిపి, అది యసాధ్యము కాదని చూపిరి. తుదకు 1993 లో సంస్కృతికిని, గేల్టాక్టునకును మంత్రియైన మైకేల్ డి. హిగ్గిన్స్ పూనికవలన నీ కోరిక కార్యరూపము దాల్చెను. ఆయన గాల్వే ప్రాంతపుఁ బ్రతినిధి, కవి. పిదప 2011 మొదలు 2025 వఱకు దేశాధ్యక్షుఁడు.

విఘ్నములు లేకపోలేదు. కొలఁదిమంది ప్రేక్షకులకై ప్రజాధనము వ్యర్థమగునని పత్రికలలో నాక్షేపించిరి. బెల్ఫాస్టు సమీపమునఁ బ్రభుత్వధనముతో వెలసి కొలఁదికాలముననే కూలిన డిలోరియన్ మోటారుకారుల కర్మాగారముతోఁ బోల్చి పరిహసించినవారును గలరు. మొదట ననేకగృహములకుఁ బ్రసారము సరిగా నందలేదు. కాహల్ గోన్ సంస్థకుఁ బ్రథమాధిపతి. జాతీయప్రసారసంస్థ యగు ఆర్. టి. ఇ. దినమున కొకగంట కార్యక్రమము నీయవలయునని యేర్పాటు. తక్కినవానిలోఁ బెక్కింటిని స్వతంత్రనిర్మాతల కప్పగించుటచే, పనికై డబ్లినుకో లండనుకో పోవలసిన గేల్టాక్టు యువకులలోఁ గొందఱకు స్వగ్రామములందే, స్వభాషయందే జీవనము దొరకెను. పల్లె నాశ్రయించుటకు హేతు విదియే.

ధనముకంటెఁ గఠినమైన ప్రశ్న భాషాస్వరూపమునకు సంబంధించినది. ఐరిషునకు మన్‌స్టరు, కోనాక్టు, అల్‌స్టరు అని మూఁడు ప్రధానమాండలికములు. ‘క్షేమమా?’ యని యడుగుటకు దక్షిణమున ‘కొనస్ అతా తూ’ అనియు, పశ్చిమమున ‘కేన్ ఖీ అ విల్ తూ’ అనియు, ఉత్తరమున ‘కజే మర్ అతా తూ’ అనియు నందురు. 1958 లోఁ బ్రకటింపఁబడిన ప్రామాణికవ్యాకరణము వ్రాఁతకు నియమము గల్పించెనే కాని యుచ్చారణమునకుఁ గాదు. క్రొత్తసంస్థ వీనిలో నొకదానికే పట్టము గట్టలేదు. 1996 నుండి యిందుఁ బ్రసారమైన ‘రాస్ న రూన్’ అను ధారావాహికమున, ఒక కల్పితగ్రామమందు, వివిధమాండలికములవారు తమతమ పలుకుబడితోనే ప్రేమింతురు, కలహింతురు, రహస్యముల దాఁతురు. తెరక్రింద నాంగ్లానువాద ముండుటచే భాష రానివారును గ్రహింపఁగలిగిరి.

శాబ్దికులు లోకవ్యవహారమును బ్రమాణముగాఁ గొని శాస్త్రము చెప్పుదురు గాని, శాస్త్రమును జూపి వ్యవహారమును బుట్టింపరు. ఐరిషు విషయమున నీ క్రమము తలక్రిందై యుండెను: చట్టమును, బడియు, పరీక్షయు ముందు, పలుకు వెనుక. ఆ క్రమమును సరిచేయఁ బూనుటయే 1996 లో జరిగిన ముఖ్యకార్యము. పూజకు మాత్రమే తగినదిగా నెంచఁబడిన భాష, పరిహాసమునకును, వాతావరణవార్తకును, బంతియాట వ్యాఖ్యానమునకును జాలునని ప్రతిదినము ఋజువగుచు వచ్చెను.

ఈ సంస్థ 1999 లో ‘టి. జి. 4’ అను పేరు దాల్చి, 2007 ఏప్రిలు 1 వ తేదిని స్వతంత్రసంస్థ యయ్యెను. దీని తోడ్పాటుతో నిర్మింపఁబడి 2022 లో వెలువడిన ‘అన్ కల్యీన్ క్యూన్’ అను చిత్రము, 2023 లో అంతర్జాతీయచిత్రమున కిచ్చు ఆస్కారు బహుమానపుఁ దుదిపోటీలో నిలిచెను. ఐరిషుభాషాచిత్రములలో నట్టి గౌరవము నందిన దదియే మొదటిది. అయినను 2022 నాఁటి జనగణనమున ఐరిషు వచ్చునని చెప్పినవారు 18,73,997 మంది కాఁగా, బడి వెలుపలఁ బ్రతిదినము మాటలాడుదుమని చెప్పినవారు 71,968 మంది మాత్రమే. ఈ రెండు సంఖ్యల నడుమ నున్న యంతరమే యాభాషకుఁ బట్టిన వ్యాధి. టెలివిజను దాని కౌషధము కాఁగలదు గాని ప్రాణము కాఁజాలదు. ప్రాణము తల్లి బిడ్డను బిలుచు పిలుపునందే యున్నది. ఆ పిలుపు విన్న బిడ్డకు ఇంటిమూల నున్న పెట్టెయు నదే భాషలో బదులు పలుకుట 1996 లో మొదలయ్యెను.