నకలు వెనక తేదీ

చోడవరం కోర్టులో వకీలు గుమస్తాగా ఉన్న రోజుల్లో మా బుచ్చయ్యపేట వైపు రైతులు హైకోర్టు నకలు పట్టుకుని నా బల్ల దగ్గరకొచ్చేవారు. "గుమస్తా బాబూ, ఆర్డరు మనకే వచ్చీసింది గదా, పొలం ఇంకా మా పేరున ఎక్కలేదేటి?" అనేవారు. గెలిచిన మనిషికి మళ్ళీ కేసు వెయ్యాలని చెప్పడానికి నోరొచ్చేది కాదు. ఆర్డరు అమలు చెయ్యనందుకు వేసే ఆ రెండో కేసే కోర్టు ధిక్కారం.

దీనికి తొలి చట్టం 1926లో వచ్చింది. అప్పుడు మాకు హైకోర్టంటే మద్రాసు. శిక్ష ఆరు నెలల సాదా ఖైదు, లేదా 2,000 రూపాయల జరిమానా, లేదా రెండూ. తర్వాత హైకోర్టు 1954లో గుంటూరులో వెలిసింది, 1956లో హైదరాబాదు చేరింది, 2019లో అమరావతికొచ్చింది. చట్టాన్నీ 1952లో, 1971లో తిరగరాశారు. చట్టంలో జరిమానా మాత్రం ఆ రెండు వేల దగ్గరే ఆగిపోయింది. పొలం కొనగలిగిన సొమ్ము ఇప్పుడు అమరావతి వెళ్ళొచ్చే ఖర్చులకి చాలదు.

సర్కారు కూడా కోర్టు మాటకి కట్టుబడాల్సిందేనని 1960లో సుప్రీంకోర్టు బీహారు ప్రభుత్వానికి చెప్పింది. ఇంజంక్షన్ ఉండగానే ఒక జమీందారిణి ఎస్టేటును ఆ ప్రభుత్వం స్వాధీనం చేసుకోబోయింది.

నన్ను ఎక్కువ కదిలించింది గుంటూరు కేసు. గుడిసెలు తొలగించొద్దని హైకోర్టు 2013 డిసెంబరులో చెప్పింది. 2014 జనవరిలో తహసీల్దారు పోలీసులతో వెళ్ళి కూల్పించారు. రెండు నెలల ఖైదు పడ్డా అప్పీళ్ళతో ఏళ్ళు గడిచాయి, ఆయన డిప్యూటీ కలెక్టరయ్యారు. 2025 మే 9న సుప్రీంకోర్టులో జస్టిస్ గవాయ్ ధర్మాసనం ఆయన్ని మళ్ళీ తహసీల్దారు హోదాకి దించి, లక్ష రూపాయల జరిమానా వేసింది. గుడిసె పోయిన పదకొండేళ్ళకి.

2022 మార్చి 31న మన హైకోర్టులో జస్టిస్ బట్టు దేవానంద్ ఎనిమిది మంది ఐఏఎస్‌లకి రెండు వారాల ఖైదు వేశారు. బడి ఆవరణల్లోంచి గ్రామ సచివాలయాలు తీసెయ్యమన్న కోర్టు మాట అమలు కాలేదు. వాళ్ళు క్షమాపణ చెప్పాక, ఏడాదిపాటు నెలకో ఆదివారం సంక్షేమ హాస్టళ్ళకి వెళ్ళాలని, ఒకరోజు పిల్లల భోజనం ఖర్చు భరించాలని మార్చారు. ఆ మార్పు నాకు నచ్చింది. జైలు గోడకన్నా హాస్టలు పళ్ళెం ఆ అధికారులకి ఎక్కువ చెబుతుంది.

మా రైతులకి ఇంత దూరం వెళ్ళే దారి ఉండేది కాదు. నోటీసు వెళ్ళేసరికి ఆఫీసరు బదిలీ అయ్యేవాడు, లేదా ధిక్కారం వేశాకే అప్పీలు పడేది. పైగా 1971 చట్టం గడువు ఏడాదే. ఆఫీసు చుట్టూ తిరుగుతూనే అది దాటించేసుకున్న ముసలాయన ఒకాయన, నకలు మడతపెట్టి జేబులో పెట్టుకుని, నన్నేమీ అడక్కుండా మెట్లు దిగిపోయాడు.

ఆ తర్వాత ఎవరు నకలు తెచ్చినా ముందు దాన్ని తిరగేసేవాణ్ణి. అమలు గడువు ముగిసే రోజు, దానికి ఏడాది కలిపిన రోజు, రెండూ పెన్సిలుతో పెద్దక్షరాల్లో రాసి చేతికిచ్చేవాణ్ణి.