పండుగ కోసం పెట్టిన కప్పు

ఆగస్టు 15న జెండా వందనం అయ్యాక మా బడిలో పిల్లలకు ఫుట్‌బాల్ ఆడిస్తాం. బాయి పనివాళ్ల పిల్లలు, గూడేల నుంచి వచ్చి హాస్టల్లో ఉండే గోండు, కొలాం పిల్లలు కలిసి ఆడుతారు. గోదావరిఖని వానకు తడిసిన నల్లమట్టిలో కాసేపటికే అందరి కాళ్లూ ఒకే రంగుకొస్తాయి. నిరుడు ఒక పిల్లవాడు అడిగాడు, "సార్, వేరే దేశాలల్ల కూడా జెండా పండుగకు ఆట పెడుతరా?"

పెడతారు. మలేసియాలో 1957లో మొదలైన మెర్డెకా పోటీ అటువంటిదే. మెర్డెకా అంటే స్వాతంత్ర్యం. 1959లో మన దేశం అందులో రెండో స్థానం తెచ్చుకుంది. అయితే నేను పిల్లలకు చెప్పింది ఒక్కసారి జరిగి ఆగిపోయిన కప్పు గురించి.

బ్రెజిల్ 1822 సెప్టెంబర్ 7న పోర్చుగల్ నుంచి విడిపోయింది. 150 ఏళ్లు నిండాయని 1972లో పెద్ద ఉత్సవం చేశారు. అప్పుడు అక్కడ సైనిక పాలన, అధ్యక్షుడు మెడిసి. మొదటి చక్రవర్తి పెద్రో ఎముకలను పోర్చుగల్ నుంచి తెప్పించి ఊరూరా తిప్పారు. జూన్ 11 నుంచి జూలై 9 వరకు 20 జట్లతో స్వాతంత్ర్య కప్పు ఆడించారు. ఇంగ్లండ్, ఇటలీ, పశ్చిమ జర్మనీ రాలేదు. ఆసియా నుంచి వచ్చింది ఇరాన్ ఒక్కటే.

ఫైనల్ మరకానా మైదానంలో. ఎదుటి జట్టు, విచిత్రంగా, పోర్చుగల్! 89వ నిమిషంలో జైర్జిన్హో కొట్టిన ఒకే గోల్‌తో బ్రెజిల్ గెలిచింది. పోర్చుగల్ తరఫున ఆడిన యుసేబియో పుట్టింది మొజాంబిక్‌లో. ఆ దేశం అప్పటికింకా పోర్చుగల్ చేతిలోనే ఉంది, 1975లో గానీ విడుదల కాలేదు. ఒకరి స్వాతంత్ర్య పండుగలో, స్వాతంత్ర్యం రాని గడ్డ బిడ్డ పాలకుల చొక్కా వేసుకుని ఆడాడు.

నన్ను పట్టుకున్నది మాత్రం మైదానం బయటి సంగతి. ఆ ఏడాదే అమెజాన్ అడవిని చీల్చుకుంటూ వేస్తున్న మహారహదారి మొదటి భాగాన్ని ప్రారంభించారు. అక్కడ మనుషులు లేరు, భూమి ఖాళీగా ఉంది అన్నది సర్కారు మాట. ఆ ఖాళీలో పరకనా వంటి ఆదివాసులు ఉన్నారు. రోడ్డుతో పాటు వచ్చిన జ్వరాలకు, జబ్బులకు వాళ్లలో ఎంతోమంది పోయారు. 1946 నుంచి 1988 వరకు కనీసం 8,350 మంది ఆదివాసులు చనిపోయారని ఆ దేశపు సత్య కమిషన్ 2014లో లెక్క చెప్పింది. అది కొన్ని తెగలను మాత్రమే చూసి వేసిన లెక్క. "ఖాళీ భూమి" అనే మాట ఎక్కడో విన్నట్టుంది కదా! మా తాత దున్నిన చెలకను కూడా కాగితంలో అట్లనే రాశారట.

ఇంకో సంగతి. 1958లో, 1962లో బ్రెజిల్‌కు ప్రపంచ కప్పులు తెచ్చినవాళ్లలో ముందు చెప్పవలసిన పేరు గరించా. అతని పూర్వీకులు ఫుల్నియో ఆదివాసులని అతని జీవితచరిత్ర రాసినవాళ్లు చెబుతారు. వంకర కాళ్లు, ఆ కాళ్లతోనే ఎదుటివాణ్ని బోల్తా కొట్టించేవాడు. గరించా అంటే ఒక చిన్న పిట్ట పేరు. ఉత్సవం జరిగేనాటికి అతనికి 38 ఏళ్లు, జాతీయ జట్టులో ఆడి ఆరేళ్లయింది. 1983లో తాగుడుతో చితికిపోయి చనిపోయాడు.

స్వాతంత్ర్య కప్పు మళ్లీ జరగలేదు. రోడ్డు మాత్రం ఇప్పటికీ ఉంది, చాలా దూరం మట్టిరోడ్డే.

అంతా విని ఆ పిల్లవాడు ఒకటే అడిగాడు, "ఆ పిట్ట మన దగ్గర ఉంటదా సార్?"