కత్తెర ఎవరి చేతిలో ఉంది?

టీవీ చరిత్ర అంటే ఇప్పటిదాకా తెర మీద కనబడ్డ మొఖాల చరిత్రే. ఎడిటింగ్ గదిలో కూర్చుని ఏది ఉంచాలో, ఏది కోసెయ్యాలో తేల్చినవాళ్ల పేర్లు చివర్లో పరుగెత్తే అక్షరాల్లో కలిసిపోయినయి. ఎవరి మాట జనానికి చేరాలన్నది తేలేది ఆ కోతల్లోనే. కాబట్టి ఎడిటర్ ఏ కులం, ఏ వాడ నుంచి వచ్చినట్టు అన్న ప్రశ్నను మేము చరిత్ర ప్రశ్నగానే అడుగుతున్నాం.

1975-76లో సైట్ ప్రయోగం కింద ఉపగ్రహం ద్వారా ఆరు రాష్ట్రాల్లోని సుమారు 2,400 గ్రామాలకు టీవీ కార్యక్రమాలు అందాయి. ఆంధ్రప్రదేశ్ వాటిలో ఒకటి. 1977లో హైదరాబాద్ దూరదర్శన్ మొదలైంది. పల్లె చూసేది, పట్నం తీసేది, కోసేది. పల్లెలోనూ వెలివాడ మాట అడిగిందెవరు?

ఈ తీరు తిరగబడ్డది అప్పటి మెదక్ జిల్లా పస్తాపూర్‌లో. 1990ల రెండో సగంలో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల దళిత మహిళలు వీడియో పని నేర్చుకున్నారు. వాళ్లలో ఎక్కువమంది బడి మొఖం చూడనివాళ్లు. ఆ సొసైటీని నడిపిన పి.వి.సతీష్ (మరణం 2023) టీవీ నిర్మాతగా పనిచేసి వచ్చినవారు. కానీ షాట్లకు పేర్లు పెట్టింది ఆ మహిళలే. పైనుంచి కిందికి చూస్తే పటేల్ షాట్. కింది నుంచి పైకి చూస్తే బానిస చూపు. కంటికి కన్ను సమానంగా ఉంటే సంఘం షాట్. సాంకేతిక పాఠంగా చెప్పేదాంట్లో దాగిన కులాన్ని వాళ్లు ఇట్టే పట్టుకున్నారు.

2002లో బీటీ పత్తికి అనుమతి వచ్చింది. ఆ మహిళలు వరంగల్ పత్తి రైతుల దగ్గరికి మళ్లీ మళ్లీ పోయి 2003లో ఒక చిత్రం తెచ్చారు. విత్తినప్పటి ఆశ పక్కన ఏరేనాటి నష్టాన్ని పెట్టడమే అందులోని వాదన. అది ఎడిటింగ్ చేసిన పని. రైతు బాధను కూలి చేసినవాళ్లే కూర్చారు.

మా చెల్పూరు అప్పుడు వరంగల్ జిల్లాలోనే ఉండె. 2010 నుంచి ఇక్కడి కాకతీయ థర్మల్ కేంద్రం కరెంటు పుట్టిస్తోంది. టీవీలు నడిచే కరెంటులో మా ఊరికి భాగం ఉంది. టీవీలో వచ్చే కథను కూర్చడంలో మా వాడకు ఏం భాగముంది? తెర వెనక పనిచేసిన దళితుల పనిచరిత్రలను, వాళ్లు బతికి ఉండగానే, వాళ్ల నోటి మాటల్లోనే నమోదు చేయాలి. ఈ పని విశ్వవిద్యాలయాల్లోకి ఇప్పుడిప్పుడే వస్తున్న మనదే.