చెక్ లైటు పూర్వగాథ

ఆమధ్య అల్లుడి కారులో గుంటూరు నుంచి నరసరావుపేట వెళ్తుండగా, స్టీరింగు వెనుక నారింజరంగు ఇంజిన్ బొమ్మ ఒకటి వెలిగింది. దారిలో ఒక మెకానిక్కు బ్యాటరీ వైరు ఊడదీసి, కాసేపాగి బిగించాడు. దీపం ఆరింది. మూడు వందలు పుచ్చుకున్నాడు. నాలుగోనాడు మళ్లీ వెలిగింది. ఆ మొండి దీపం పుట్టుపూర్వోత్తరాలు వెదకబోతే నాకు ఎదురైనది ఇంజిన్ కథ కాదు, గాలి కథ.

1943 జులైలో లాస్ ఏంజెలెస్ నగరాన్ని కళ్లు మండించే పొగ కమ్ముకొన్నది. యుద్ధకాలం గనుక జపానువారు విషవాయువు వదిలారేమోనని జనం బెంబేలెత్తారు. తరువాత, కృత్రిమ రబ్బరుకు ముడిసరుకు చేసే కర్మాగారంపై నింద పడింది. దానిని మూయించినా పొగ తగ్గలేదు. 1950ల తొలినాళ్లలో అసలు కారణం పట్టుకొన్నవాడు ఆరీ హాగెన్-స్మిట్. డచ్చి దేశీయుడు, కాల్‌టెక్‌లో అనాసపండు పరిమళాన్ని పరిశోధిస్తున్న రసాయనజ్ఞుడు! కార్లూ, చమురుశుద్ధి కర్మాగారాలూ వదిలే వాయువులు ఎండ సోకి ఓజోను మొదలైనవిగా మారుతున్నాయని ఆయన నిరూపించాడు. కారున్న ప్రతివాడూ దోషేనంటే ఎవరికి రుచిస్తుంది? చమురు వ్యాపారులు కాదన్నారు. ఆయన పట్టు విడువలేదు. 1968లో కాలిఫోర్నియా వాయుమండలికి తొలి అధ్యక్షుడయ్యాడు.

1975 మోడళ్ల నుంచి అమెరికా కార్ల పొగగొట్టంలో విషవాయువులను శుద్ధిచేసే కెటలిటిక్ కన్వర్టర్ చేరింది. చిక్కేమిటంటే, అది చచ్చినా కారు చక్కగానే పరుగెత్తుతుంది, నడిపేవాడికి తెలియదు. అందుకే కాలిఫోర్నియా 1988 మోడళ్ల నుంచి కారు తన తప్పును తానే చెప్పుకోవాలని శాసించింది. 1996 నాటికి మరింత నిశితమైన రెండో పద్ధతి అమెరికాలో అమ్మే కార్లన్నిటికీ తప్పనిసరి అయింది. పొగ పరిమితికి ఒకటిన్నర రెట్లు దాటే ప్రమాదముంటే దీపం వెలగాలి. మన దేశంలో ఈ విధానం తొలిమెట్టు 2010లో, మలిమెట్టు 2013లో వచ్చాయి.

'చెక్ ఇంజిన్' అన్నది వట్టి విధ్యర్థకం; ఏమి చెడిందో చెప్పదు. అసలు పేరుకు 'దోషసూచక దీపం' అనవచ్చునేమో. మెరుగైన మాట తోచినవారు సెలవియ్యగలరు. దోషమేదో కంప్యూటరు జ్ఞాపకంలో సంకేతంగా ఉంటుంది. చాలా కార్లలో బ్యాటరీ వైరు ఊడదీస్తే చెరిగిపోయేది ఆ వాఙ్మూలమే, దోషం కాదు.

దీపం నిలకడగా వెలిగితే కంగారు పడనక్కరలేదు. త్వరలో చూపించుకొంటే చాలు. మిణుకుమిణుకుమంటే మాత్రం జాగు కూడదు. సిలిండరులో మండని పెట్రోలు కన్వర్టరులోకి పోయి అక్కడ మండుతున్నదన్నమాట. ఆ వేడికి లోపలి తేనెపట్టు వంటి గూళ్లు కరుగుతాయి. వేగం తగ్గించి, వీలైనచోట ఆపాలి. ఎర్రని నూనెబుడ్డి బొమ్మ సంగతి వేరు; అది వెలిగితే ఉన్నచోటనే ఇంజిన్ ఆపాలి.

మా అల్లుడు ఈసారి స్కానరున్న షెడ్డుకు వెళ్లాడు. వచ్చిన సంకేతం పి0301: మొదటి సిలిండరు సరిగా మండటం లేదు. స్పార్క్ ప్లగ్గు మార్చారు. దీపం జోలికి పోవద్దని నేనే అన్నాను. నాలుగు రోజులకు దానంతటదే ఆరింది.