టిటో గారి సినిమా ఆపరేటరు

ప్రత్యేక సంచికకు చరిత్ర విషయం ఏదైనా రాయమని కార్యదర్శి గారు అడిగితే, మనసులో మెదులుతున్న ఒక సంగతి రాస్తున్నాను.

మన వయసువారికి మార్షల్ టిటోను పరిచయం చేయనక్కరలేదు. నెహ్రూ, నాసర్, టిటో అని వరుసగా చెప్పుకునేవాళ్ళం. 1961 సెప్టెంబరులో బెల్‌గ్రేడ్‌లో మొదటి అలీన రాజ్యాల సదస్సు జరిగినప్పుడు నేను పి.యు.సి. చదువుతున్నాను. పిక్చరుకు ముందు వేసే న్యూస్‌రీలులో నెహ్రూ గారు కనబడితే చప్పట్లు కొట్టేవాళ్ళం. 1980లో టిటో పోయారు. 1991 నుంచి యుగోస్లావియా ముక్కలైంది. 2003లో ఆ పేరు కూడా పోయింది. మరి ఆ దేశంలో ఉద్యోగాలు చేసినవారి మాట?

ఈ సంగతి పట్టించుకున్న దర్శకురాలు మీలా తురాయ్‌లిచ్. 1979లో పుట్టిన ఆమెకు టిటో కాలం గురించి స్వంత జ్ఞాపకం లేదు. అందుకే కాబోలు, పెద్దవాళ్ళను కూర్చోబెట్టి అడిగారు. 2010లో ఆమె తీసిన ‘సినెమా కొమునిస్తో’ డాక్యుమెంటరీని మా మనుమరాలు చూపించింది. అందులో లేకా కొన్‌స్తాంతినోవిచ్ అనే ఆయన 32 సంవత్సరాలు టిటోకు ఇంట్లో సినిమాలు వేసిన ఆపరేటరు. మొత్తం 8,801 సినిమాలట! (అంత పెద్ద నాయకుడికి ఏడాదికి 275 సినిమాలు చూసే తీరిక ఎలా దొరికిందో!) ఆ నివాసం 1999లో నాటో బాంబులకు దెబ్బతింది. తాను పనిచేసిన చోటు చూసుకోవడానికి ఆ పెద్దాయన శిథిలాల్లోకి నడిచి వెళతారు. నేను లేచి మంచినీళ్ళు తాగి వచ్చాను.

టిటో భక్తి సినిమా అనుకోకండి. 2017లో ఆమె స్వంత ఇంటి మీదే మరో చిత్రం తీశారు. యుద్ధం తర్వాత టిటో ప్రభుత్వం వారి ఫ్లాటును విడగొట్టి, కొన్ని గదులు ఇతరులకిచ్చింది. మధ్య తలుపుకు పడిన తాళం డెబ్భై ఏళ్ళు ఉంది. తల్లి స్‌ర్బియాంకా గారు ఎలక్ట్రికల్ ఇంజనీరింగు ప్రొఫెసరు, మిలోషెవిచ్‌ను ఎదిరించిన మనిషి. ఆ తలుపు పక్కనే ఆమె జీవితం గడిచింది. 2022లో కన్నుమూశారు. కూతురు ముందే అడగబట్టి ఆమె మాటలు దక్కాయి.

నాకు ఆ అదృష్టం లేకపోయింది. మా శాఖ ప్రచార వ్యానులో ఊరూరా న్యూస్‌రీళ్ళు చూపించిన ఆపరేటరు ఒకాయన ఉండేవారు. ఏ ఊళ్ళో ఏ రీలు వేసిందీ, ఎక్కడ కరెంటు పోయిందీ నోటికి చెప్పేవారు. తీరిగ్గా రాసుకుందాం లెమ్మని వాయిదా వేస్తూ వచ్చాను. కిందటి సంక్రాంతికి ముందు పోయారు. పరామర్శకు వెళ్ళి ఆయన డైరీల గురించి అడిగితే, పాత కాగితాలవాడికి వేసేశామని కోడలు చెప్పింది. ఆ అమ్మాయిని ఏమనగలను?

అలాంటి వ్యాన్ల మీద పనిచేసిన సభ్యులెవరైనా ఉంటే, సంఘం కార్యాలయంలో నా పేరున ఒక కబురు పెట్టండి. కాగితం, కలం తీసుకుని నేనే మీ ఇంటికి వస్తాను.