చీమ దాచిన గింజ: ధాత కరువు నుంచి గమాక్సిన్ దాకా

ఈసారి వాన గురించీ కాదు, కాయల రేటు గురించీ కాదు. చీమల గురించి రాస్తున్నా. నవ్వితే నవ్వుకోండి గానీ చివరిదాకా చదవండి.

మీది మెట్ట పొలమైతే ఎండాకాలంలో ఒకసారి గట్టెంబడి నడిచి చూడండి. గట్టినేలలో చిటికెన వేలు పట్టేంత బొక్క ఉంటుంది. దాని చుట్టూ చాటంత మేర పొట్టు గుండ్రంగా పరిచినట్టు ఉంటుంది. గడ్డిగింజల పొట్టు, కొర్ర పొట్టు, ఊద పొట్టు. మనం కళ్లంలో తూర్పార పట్టినట్టే, గింజ లోపలికి పోయింది, పొట్టు బయటికి వచ్చింది. అది గింజల చీమ ఇల్లు. ఇంట్లో చక్కెర డబ్బాకు పట్టే చీమ వేరు, ఇది వేరు.

ఈ చీమ నిజంగా గింజలు దాస్తుందా లేదా అని ఐరోపాలో చదువుకున్నోళ్లు నూరేళ్లకు పైగా వాదులాడుకున్నారంటే నమ్ముతారా? బైబిల్లో సొలొమోను సామెతల్లో చీమ ఎండాకాలంలో కూడబెట్టుకుంటుందని ఉంది. ఈసపు కథలోనూ అదే మాట. అయితే 1747లో ఇంగ్లండులో విలియం గౌల్డ్ అనే పాదిరి తన దేశపు చీమల మీద ఒక పుస్తకం రాసి, ఇవి గింజలు దాయడం లేదన్నాడు. ఆయన చూసింది అబద్ధం కాదు. ఆ చలిదేశంలో చీమలు చలికాలమంతా ముడుచుకుని పడుంటాయి, వాటికి తిండితో పని లేదు. తప్పు ఎక్కడ జరిగిందంటే, తర్వాత వచ్చినోళ్లు అదే మాట అన్ని దేశాలకూ అంటగట్టినారు. పాతకాలపోళ్లు చీమల గూడులోని తెల్లని పిల్లగూళ్లు చూసి గింజలనుకున్నారులే అని తేల్చేసినారు.

దానికి జవాబు మన దేశం నుంచే పోయింది. కర్నల్ సైక్స్ అనే ఒక దొర 1830కి అటూ ఇటూ పూనాలో ఉండేటప్పుడు, వానలు వెలిసినాక చీమలు గడ్డిగింజలను కుప్పలు కుప్పలుగా బయటికి తెచ్చి ఎండబెట్టడం కళ్లారా చూసి రాసినాడు. తర్వాత జెర్డాన్ అనే డాక్టరు. ఈయన మన నెల్లూరులో సివిల్ సర్జనుగా పనిచేసినాడు, అక్కడి యానాదుల దగ్గర పక్షుల గురించీ జంతువుల గురించీ ఎంతో తెలుసుకున్నాడు. 1851లో దక్షిణాది చీమల మీద ఒక పెద్ద జాబితా మద్రాసులో అచ్చు వేయించినాడు. అందులో ఈ చీమలు తోటలో చల్లిన విత్తనాలు ఎత్తుకుపోయే సంగతి ప్రతి తోటమాలికీ నష్టపోయి తెలిసిందే అన్నట్టు రాసినాడు. ఆ మాట చదివినప్పుడు నాకు దొర కాదు, పక్క చేను రైతు మాట్లాడినట్టు అనిపించింది.

చివరికి మాగ్రిడ్జ్ అనే ఇంగ్లీషు కుర్రాడు తేల్చినాడు. క్షయ రోగంతో ఫ్రాన్సు దక్షిణాన ఎండ తగిలే మెంటోన్ అనే ఊరికి చేరి, చీమల గూళ్లు తవ్వి గింజల కొట్లు చూపించినాడు. చెమ్మ తగిలి మొలకెత్తిన గింజకు చీమ మొలక కొనను కొరికేస్తుందని, ఎండబెట్టి మళ్లీ లోపల పెట్టుకుంటుందని రాసినాడు. సైక్స్, జెర్డాన్ రాతలను కూడా సాక్ష్యంగా పెట్టుకున్నాడు. 1873లో పుస్తకం వచ్చింది, ఆ మరుసటి ఏడే ఆయన పోయినాడు.

వానలు చాలని సీమలోనే చీమకు గింజ దాచే అవసరం. ఇది ఆ పండితులకు పుస్తకాల్లో తేలింది. మా జేజికి ఎప్పుడో తెలుసు.

మా జేజి వాళ్ల అవ్వ ధాత కరువులో ఎనిమిదేళ్ల పిల్ల. ధాత నామ సంవత్సరం అంటే 1876-77. అప్పటికి అనంతపురం జిల్లా లేదు, మనమంతా బళ్లారి జిల్లా కిందే. 1882లో గదా విడదీసింది. ఆ కరువులో బళ్లారి, కర్నూలు, కడప ఘోరంగా దెబ్బతిన్నాయి. కరువు పనులకు పోయిన మొగమనిషికి కూలి ఎంతో తెలుసా? సర్ రిచర్డ్ టెంపుల్ అనే దొర 1877 మొదట్లో పెట్టిన లెక్క ప్రకారం రోజుకు ఒక పౌను గింజలు, ఒక అణా. పౌను అంటే అరకిలో కూడా కాదు. దినమంతా రాళ్లు కొట్టేవాడికి అది. మద్రాసు ఆరోగ్య శాఖ పెద్ద డాక్టర్ కార్నిష్ ఇది ప్రాణం నిలిపే తిండి కాదని గట్టిగా వాదించినాక కొంత పెంచినారు.

ఆ పనికి కూడా పోలేని ముసలోళ్లు, పిల్లలు పొలాల మీద పడినారంట. ఎలుక బొరియలు తవ్వినారు. అవి అయిపోయినాక పొట్టు కనపడిన చోటల్లా చీమల గూళ్లు తవ్వినారు. ఒక్కో గూట్లో దోసెడు దొరికితే గొప్ప, మట్టి కలిసిన గడ్డిగింజలు. చెరిగి, దంచి, గంజి కాచినారు. ఆ అవ్వ బతికింది ఆ గంజితోనే అని మా జేజి చెప్పేది. అందుకే మా ఇంట్లో చీమల గూటి మీద వేడినీళ్లు పోయకూడదు. కొర్ర కళ్లం అయినాక తుడిచిన గింజ ఎత్తకుండా వదిలేది జేజి. "వాళ్ల అప్పు ఇంకా తీరలేదురా" అనేది. నాకు అప్పుడు అర్థమయ్యేది కాదు.

చీమ తిండి గింజ ఒక్కటే అనుకోవద్దు. ఇంకో సంగతి, పెద్ద చీమ కూడా గట్టి పదార్థం మింగలేదు. దాని గొంతు అంత సన్నం. రసమే తాగుతుంది. గింజను నమిలి ఎంగిలితో ముద్ద చేసి, పురుగులాగుండే పిల్లలకు పెడుతుంది. తాగిన రసం కొంత కడుపులో దాచిపెట్టి ఇంకో చీమ నోటికి అందిస్తుంది. మనం చీమలు ఎదురెదురుగా ఆగి ముద్దు పెట్టుకున్నాయంటామే, చాలాసార్లు అది తిండి పంచుకోవడమే.

మాంసం కూడా దానికి ఇష్టమే. మనం చీమల పుట్టలని చెప్పే పెద్ద పుట్టలు నిజానికి చెదలు కట్టినవి. చెద చీమే కాదు, బొద్దింక చుట్టం. చెదకు అసలు శత్రువు చీమే. నల్ల చీమలు బారులు తీరి పోయి చెద పురుగులను నోట కరుచుకుని రావడం మీరూ చూసుంటారు. మొదటి వాన పడిన రాత్రి ఉసిళ్లు లేచినప్పుడైతే చీమకూ మనకూ పోటీ. చిన్నప్పుడు దీపం కింద పళ్లెంలో నీళ్లు పెట్టి ఉసిళ్లు పట్టి, వేయించి బొరుగుల్లో కలుపుకుని తిన్నాం. తెల్లారి లేస్తే మిగిలిన రెక్కలే. ఒళ్లంతా చీమలు మోసుకుపోయేవి.

ఆముదం గింజ కొనన తెల్లని బుడిపె ఉంటుంది కదా, చీమకు కావాల్సింది అదే. గింజను మోసుకుపోయి, బుడిపె తిని, గింజను చెక్కు చెదరకుండా పారేస్తుంది. వేయని చోట ఆముదం మొలిచిందంటే విత్తింది ఎవరో ఇప్పుడు తెలిసింది గదా.

ఇక మనకు నష్టం చేసేదీ ఉంది. చీనీ చెట్టు బోదె మీద చీమల బారు పైకి ఎక్కుతుంటే పైన పిండినల్లో, పేనుబంకో ఉందని అర్థం. ఆ పురుగులు వదిలే తీపి బంక కోసం చీమ వాటికి కాపలా కాస్తుంది. వాటిని తినడానికి వచ్చిన అక్షింతల పురుగును తరుముతుంది. శనక్కాయ చేలోనూ అంతే. చీమ దేవత అని నేను అనడం లేదు.

మా నాయన కాలంలో కొర్ర, సజ్జ, జొన్న తగ్గి అంతా శనక్కాయ అయిపోయింది. శనక్కాయ విత్తు ఈ గింజల చీమ మోసేంత చిన్నది కాదు. అయినా గమాక్సిన్ వచ్చింది. అదే బీహెచ్‌సీ పొడి. చెదకు, వేరుపురుగుకు, చీమకు అన్నిటికీ అదే మందు. మా నాయన చేతులతోనే చల్లినాడు, గుడ్డ కూడా కట్టుకోకుండా. జేజి అడ్డం పడింది, ఎవరూ వినలేదు. 1997లో ప్రభుత్వం దాన్ని నిషేధించింది. అప్పటికి సేద్యం నా చేతికి వచ్చింది. నేను ఊరుకున్నానా? అంగడాయన ఇచ్చిన ఇంకో మందు గట్ల మీద కూడా పోసినా. పొట్టు కనపడిన ప్రతి బొక్కలో పోసినా. గూళ్లు పోయినాయి. రెండేళ్లకు చూస్తే గట్టు పక్కన వేసిన శనక్కాయ కట్టె వామి అడుగంతా చెద. ఎద్దులకు దాచుకున్న మేత. ఆ ఎండాకాలం మేత కొనలేక ఒక ఎద్దును సంతకు తోలినా. చీమలు పోయినందుకే చెద వచ్చిందని ఖాయంగా చెప్పలేను, వామి అడుగున రాళ్లు పరచకపోవడం నా తప్పే. కానీ ఆ పొద్దు నాకు గుర్తొచ్చింది జేజి మాటే.

మూడేళ్లుగా ఒక ఎకరా కొర్ర, అండుకొర్ర కలిపి వేస్తున్నా. గట్టుకు మందు కొట్టడం మానేసినా. మొదటి ఏడు ఏమీ లేదు. పోయిన ఎండాకాలం తూర్పు గట్టు మీద పొట్టు వలయాలు లెక్కబెడితే ఏడు. లోపల ఎన్ని గింజలున్నాయో తూకం వేసి ఫోటోతో సహా మీకు పెడదామని పార ఎత్తుకుని పోయినా. మా ఇంటామె వెనకాలే వచ్చి పార లాక్కుంది. అందుకే ఈ పోస్టుకు ఫోటో లేదు.

మీ ఊర్లో పెద్దోళ్లు కరువులో ఏం తిన్నారో, ఏమేం తవ్వినారో చెప్పి ఉంటే కింద రాయండి.