మారిషస్ గాలిమరలు

గచ్చిబౌలి అన్న మాటలోనే ఒక పాత కట్టడపు జ్ఞాపకం ఉన్నది. గచ్చు అంటే సున్నపు పూత. బౌలి అంటే మెట్లబావి. ఈనాడు హైదరాబాదు పడమటి అంచున ఆ పేరు వినగానే మనకు తోచేవి అద్దాల మేడలు, వాటిలో పనిచేసే యువతీయువకులు, ఒప్పందపత్రం చేతబట్టుకొని వారిలో కొందరు ఎక్కే విమానాలు. అక్కడ కట్టడం మరుగై పేరు మిగిలినది. దీనికి విపర్యయంగా, హిందూమహాసముద్రంలోని ఒక చిన్న ద్వీపంలో రాతి కట్టడాలు మిగిలి, వాటి చుట్టూ చెమటోడ్చిన మనుషులు మరుగైనారు. ఆ ద్వీపం మారిషస్. ఆ కట్టడాలు గాలిమరలు. ఆ మనుషుల కథలో ఒక ఘట్టం మన గోదావరీ తీరానిది.

మారిషస్ వైశాల్యం రెండువేల చదరపు కిలోమీటర్లకు లోపే. ఆగ్నేయం నుండి వీచే వ్యాపారపవనాలు దానికి ప్రకృతి ఇచ్చిన వరం. 1639లో డచ్చివారు అక్కడ చెరకు నాటారు. 1715లో ద్వీపం ఫ్రెంచివారి వశమైనది. 1735లో గవర్నరుగా వచ్చిన మహే ద లాబుర్దొనే పోర్ట్ లూయీ రేవును తీర్చిదిద్ది, చెరకు సాగును ప్రోత్సహించాడు. ఆ 18వ శతాబ్దంలోనే రేవు ఒడ్డున ధాన్యం విసరడానికి ఒక గాలిమరను కట్టారు. దాని గుండ్రని రాతి బురుజు నేటికీ నిలిచి ఉన్నది.

గాలిమర యంత్రరచన చూడగా సులభమైనదే. క్రింద లావుగా, పైకి పోనుపోను సన్నగా ఉండే రాతి బురుజు. దాని నెత్తిన ఏ దిక్కుకైనా త్రిప్పగల కొయ్య కప్పు. ఆ కప్పుకు నాలుగు రెక్కలు. గాలికి రెక్కలు తిరిగితే లోపలి నిలువు ఇరుసు తిరుగుతుంది. ధాన్యం విసిరే మరలో ఆ ఇరుసు తిరగలి రాయిని త్రిప్పుతుంది. చెరకు మరలో దాని అడుగున మూడు రోళ్లు ఉంటాయి. మన పల్లెలలో ఎద్దులు త్రిప్పే చెరకు గానుగ చేసే పనినే ఇక్కడ గాలి చేస్తుంది. వెస్టిండీస్ దీవులలో ఇట్టి మరలు వందల సంఖ్యలో ఉండేవి. బార్బడోస్‌లోని మోర్గన్ లూయిస్ మర వాటికి చక్కని ఉదాహరణ.

గాలికి కూలి ఇయ్యనక్కరలేదు. కాని రోళ్ల నడుమ చెరకు గడలను పెట్టే చేతులు కావాలి. కొట్టిన చెరకు నిలువ ఉంటే రసం పులిసిపోతుంది. కనుక గాలి ఉన్నంతసేపు, రాత్రనక పగలనక, ఆ చేతులు ఆగరాదు. అలసిన చెయ్యి ఒక్కసారి రోళ్లలో చిక్కితే తిరిగి రాదు. ఆ కాలంలో ఆ చేతులు ఆఫ్రికా, మడగాస్కర్ల నుండి తెచ్చిన బానిసలవి.

1810లో ద్వీపం ఇంగ్లీషువారి చేతికి వచ్చినది. 1825లో మారిషస్ పంచదారపై సుంకాన్ని వెస్టిండీస్ పంచదారతో సమానం చేశారు. దానితో చెరకు తోటలు ద్వీపమంతటా అల్లుకున్నవి. 1820ల నుండి ఆవిరియంత్రాలు ప్రవేశించి, క్రమంగా గాలిమరలను మూలకు నెట్టినవి. గాలిమరకు గాలి పడినప్పుడైనా విశ్రాంతి ఉండేది. ఆవిరియంత్రానికి ఆ విశ్రాంతి లేదు. దాని ఆకలి తీర్చాలంటే మరింత చెరకు, మరిన్ని చేతులు కావాలి. సరిగ్గా అప్పుడే, 1835 ఫిబ్రవరి 1న, అక్కడ బానిసత్వం రద్దయి 60 వేలకు పైగా మనుషులు శాసనరీత్యా విముక్తులైనారు. తోటల యజమానుల చూపు భారతదేశంపై పడినది.

1834 నవంబరు 2న అట్లాస్ అనే నౌకలో 36 మంది భారతీయ కూలీలు పోర్ట్ లూయీలో దిగారు. వారు కలకత్తాలో ఓడ ఎక్కినవారు. మన తీరం వంతు తరువాత వచ్చినది. గోదావరి ముఖద్వారాన ఉన్న కోరంగి ఆనాడు ఓడలు కట్టే గొప్ప రేవు. 1839 నవంబరులో తుపాను, ఉప్పెన దానిని నేలమట్టం చేసినవి. 1843లో కోరింగా ప్యాకెట్ అనే నౌక ఆ తీరం నుండి తెలుగు కూలీలను మారిషస్‌కు తీసుకుపోయినది. ఎక్కిన రేవును బట్టి మారిషస్‌లోనూ, బర్మాలోనూ తెలుగువారికి కోరంగీలు అన్న పేరు వచ్చినది. ఒకచోట మరను త్రిప్పిన గాలే మరొకచోట ఊరిని తుడిచిపెట్టినది. ఓడల తెరచాపలను నింపి మనవారిని అంత దూరం చేర్చినదీ ఆ గాలే.

వారు బానిసలు కారు, ఒప్పందానికి ఒప్పుకున్నవారు. అయితే ఆ ఒప్పందపు సారాంశమేమిటి? నెలకు అయిదు రూపాయలు, తిండిగింజలు, ఏళ్ల తరబడి కట్టుబాటు. ఒక్క రోజు పనికి రాకపోతే రెండు రోజుల కూలి కోసేవారు. జ్వరంతో పడుకున్నవాడు మరునాటికి అప్పుపడి లేచేవాడు. గానుగ ఆడించి బెల్లం వండడం తెలిసిన రైతుబిడ్డలకు చెరకు కొత్త కాదు. తమ చెమటకు ఇట్లు రెట్టింపు లెక్క కట్టడమే కొత్త.

పోర్ట్ లూయీ రేవులో గాలిమర బురుజుకు కొద్ది దూరంలోనే ఆప్రవాసీ ఘాట్ కలదు. 1849లో ప్రారంభమైన ఆ కూలీల విడిదికి 2006లో యునెస్కో ప్రపంచ వారసత్వ గౌరవం లభించినది. అందులో 16 రాతిమెట్లు ఉన్నవి. ద్వీపానికి వచ్చిన సుమారు నాలుగున్నర లక్షల భారతీయులలో ఎందరో ఆ మెట్లెక్కినవారే. బురుజు అందమైనది, చిత్రపటాలకు ఎక్కినది. మెట్లు సామాన్యమైనవి. కాని రెంటినీ కలిపి చూచినప్పుడే కథ పూర్తి అవుతుంది. బురుజు యంత్రం సంగతి చెబుతుంది. యంత్రానికి మేత వేసినది ఎవరో మెట్లు చెబుతాయి.

ఆ మనుషులు పూర్తిగా మరుగైపోలేదు. ఒక్కొక్కరికి ఇచ్చిన సంఖ్య, ఊరు, పేరు వ్రాసిన చిట్టాలు మోకాలోని మహాత్మాగాంధీ సంస్థలో భద్రంగా ఉన్నవి. ఉగాది ఈనాడు మారిషస్‌లో ప్రభుత్వ సెలవుదినం. మూడవ ప్రపంచ తెలుగు మహాసభలు 1990లో ఆ ద్వీపంలోనే జరిగినవి. అయిదు రూపాయల కూలి వారి మనుమలు, మునిమనుమలు ఆ సభలకు ఆతిథ్యమిచ్చారు.

ఒప్పందపత్రంపై సంతకం చేసి విమానమెక్కే నేటి యువకునికి కోరంగి కూలీ పూర్వీకుడే. ఇతడు చదువుకొని సంతకం చేస్తాడు. అతడు గుర్తు మాత్రమే పెట్టాడు. ఆ భేదం చిన్నది కాదు. అయినా ఏ దేశంలోనైనా ఒక పాత గాలిమర కంటబడినప్పుడు, ఇతడు రెక్కల అందాన్ని మెచ్చుకొని ఊరుకోక, రోళ్ల వద్ద ఎవరు నిలబడ్డారని కూడ ఒక్కమారు అడగాలి.